అర్చక ఉద్యోగం, బదిలీ భయం: కోర్టు ఎంతవరకు ఆదుకుంటుంది?

ప్రశ్న: నేను గ్రామంలోని వైష్ణవాలయంలో వంశపారంపర్య అర్చకుణ్ణి. మా అబ్బాయి వేద పాఠశాలలో వైఖానస ఆగమం (వైష్ణవాలయ పూజావిధానాన్ని చెప్పే శాస్త్రం) చివరి సంవత్సరం చదువుతున్నాడు. దేవాదాయ శాఖ ఆలయంలో చేరితే ఎప్పుడు ఎక్కడికి బదిలీ చేస్తారో తెలియదని ఇంట్లో భయపడుతున్నారు. మా బంధువు ఒకరు బదిలీపై హైకోర్టు చుట్టూ తిరుగుతున్నారు. మా అబ్బాయిని ఆ శాఖలోకి పంపవచ్చా?

జవాబు: అయ్యా, నిస్సందేహంగా పంపవచ్చు, అయితే బదిలీ వస్తే కోర్టు ఆపుతుందిలే అన్న ధీమాతో మాత్రం పంపకండి. 1987 నాటి దేవాదాయ చట్టం మిరాశీలను (తరతరాలుగా వచ్చే ఆలయ సేవా హక్కులను, వాటితో వచ్చే ఆదాయ వాటాలను), ఇతర వంశపారంపర్య హక్కులను రద్దు చేసింది. దానిపై తిరుమల అర్చక కుటుంబం వేసిన నారాయణ దీక్షితులు కేసులో 1996లో సుప్రీంకోర్టు, అర్చకుని నియామకం లౌకిక వ్యవహారమని, ఆగమోక్తంగా పూజ జరగడం మతానికి సంబంధించినదని విడదీసి చెప్పింది. బదిలీ వివాదాలలో మీ పక్షాన నిలిచే బలమూ, నిలవని బలహీనతా రెండూ ఈ విభజనలోనే ఉన్నాయి.

తిరుమల ఆలయంలో వైఖానసం, కొండ కింద తిరుచానూరులో పాంచరాత్రం అనే మరో వైష్ణవ ఆగమం నడుస్తాయి. రెండూ ఒకే దేవస్థానం కిందివే అయినా, వైఖానసం చదివినవారిని పాంచరాత్ర ఆలయంలో మూలమూర్తి అర్చనకు పంపితే అది కేవలం ఉద్యోగి స్థానం మార్చడం కాదు, పూజావిధానాన్నే తాకుతుంది. నియామకాలు ఆగమానుసారం, రాజ్యాంగానికి లోబడి ఉండాలని 2015లో తమిళనాడు శివాచార్యుల కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట ఇక్కడ అక్కరకు వస్తుంది. నా దృష్టిలో అర్చకునికి ఉన్న గట్టి వాదన ఇదొక్కటే. అదే ఆగమం గల మరో ఆలయానికి పంపితే ఈ వాదనకు బలం ఉండదు.

అప్పుడు మిగిలేది సాధారణ ఉద్యోగుల బదిలీ న్యాయమే. బదిలీకి వీలున్న ఉద్యోగంలో ఒకే చోట ఉండే హక్కు లేదని, దురుద్దేశమో తప్పనిసరి నిబంధన ఉల్లంఘనో ఉంటే తప్ప కోర్టులు జోక్యం చేసుకోరాదని 1991లో శిల్పి బోస్ కేసు తేల్చింది. శిక్షకు బదులుగా చేసిన బదిలీ చెల్లదని 2009లో సోమేశ్ తివారీ కేసులో అన్నారు. అయితే అది శిక్షేనని నిరూపించవలసిన భారం అర్చకునిదే. పిటిషన్ వేశాం కదా అని కొత్త చోట చేరకుండా ఇంట్లో కూర్చోవడం చాలా ప్రమాదం. స్టే లేకుండా అలా ఆగితే గైర్హాజరు కింద క్రమశిక్షణ చర్య వస్తుంది, అసలు వివాదం పక్కకు పోతుంది. మీ బంధువు అభ్యంతరాన్ని రాతపూర్వకంగా ఇచ్చి, విధిలో చేరి, ఆ తరువాత పోరాడడం మేలు.

మీ స్వంత ఆలయం మాటకు వస్తే, 1987 చట్టానికి 2007లో చేసిన సవరణ అర్హత గల అర్చక కుటుంబాలకు కొంత గుర్తింపును తిరిగి ఇచ్చింది. అబ్బాయి పేరు ఆ వరుసలో నమోదు కావడానికి కావలసిన కాగితాలను మీరు ఉండగానే సిద్ధం చేయించండి. నిత్యపూజకు ప్రభుత్వం సాయం చేసే ధూపదీప నైవేద్యం పథకం కింది చిన్న ఆలయాలలో బదిలీ బెడద లేకపోయినా, వచ్చేది గౌరవ వేతనమే కనుక దానితోనే సంసారం గడవడం కష్టం.

శాఖలో చేరేటప్పుడు నియామక ఉత్తర్వును చేతికి తీసుకోగానే రెండు సంగతులు చూడమనండి: నియామకం ఫలానా ఆలయానికా, బదిలీకి వీలున్న కేడర్‌కా, అతడు చదివిన ఆగమం పేరు అందులోనూ, సర్వీసు రిజిస్టరులోనూ ఉందా లేదా. లేకపోతే ఆగమ పరీక్ష ధ్రువపత్రం నకలు జతచేసి, ఆ వారంలోనే కార్యనిర్వహణాధికారికి అర్జీ పెట్టి, అందినట్లు సంతకం తీసుకోవాలి.