కృష్ణా తీరానికి కెమెరా ఎత్తుకెళ్లే ముందు

చిరంజీవి అమ్మడికి పెదనాన్న ఆశీస్సులు.

కృష్ణా తీరంలోని బౌద్ధ క్షేత్రాల మీద టెలివిజన్ కోసం డాక్యుమెంటరీ ధారావాహిక తీయబోతున్నావని మీ నాన్న చెప్పినప్పటి నుంచి, మన ఇంటి పిల్ల ఇంత పనికి పూనుకున్నదన్న గర్వం ఒకవైపు, నాగార్జునకొండకు పడవ ఎక్కక తప్పదన్న గుబులు మరొకవైపు నన్ను నిద్రపోనివ్వడం లేదు.

కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్న స్థలాలకు ఆ శాఖ అనుమతినీ, మిగిలినవాటికి రాష్ట్ర శాఖ అనుమతినీ ముందే తీసుకో. డ్రోనుకు వేరుగా అడగాలి. పలనాటి సున్నపురాతి శిల్పం నడిమధ్యాహ్నం చప్పగా కనిపిస్తుంది కాబట్టి పొద్దుటి ఏటవాలు వెలుగులోనే తియ్యి.

అసలు చెప్పవలసింది అమరావతి స్తూపం గురించి. అక్కడ నీకు కనిపించేది తక్కువ ఎత్తున్న దిబ్బ, దాని చుట్టూ నిలబెట్టిన కొన్ని రాళ్లు మాత్రమే. మిగిలినది ఎలా పోయిందో చెప్పకుండా ఆ దిబ్బను చూపితే ప్రేక్షకుడికి ఏమీ చూపనట్టే. 18వ శతాబ్దం చివర జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు అమరావతిలో కొత్త పట్నం కట్టించినప్పుడు స్తూపపు రాళ్లు కట్టడాలకు పోయాయి, కొన్ని సున్నపు బట్టీల పాలయ్యాయి. 1816లో సర్వేయరు కాలిన్ మెకంజీ మనుషులు వచ్చి, మిగిలిన శిల్పాలను ఓపికగా చిత్రించారు. 1845లో కంపెనీ అధికారి వాల్టర్ ఇలియట్ తవ్వించిన రాళ్లు మద్రాసుకూ, అక్కడి నుంచి లండనుకూ చేరాయి. అన్నిటికన్నా నన్ను బాధించేది 1880 నాటి పని. మద్రాసు గవర్నరు డ్యూక్ ఆఫ్ బకింగ్‌హామ్ ఆజ్ఞతో స్థలమంతా తవ్వి శుభ్రం చేశారు. ఏ పలక ఎక్కడ, ఏ దిక్కుకు తిరిగి ఉన్నదో రాసుకోలేదు. మరుసటి ఏడు పురావస్తువేత్త జేమ్స్ బర్జెస్ వచ్చేసరికి రాళ్లున్నాయి, వాటి చోటు తెలియదు. అందులో దొంగతనమేమీ లేదు, మంచి పని చేస్తున్నామన్న తొందర ఉంది. ఆ తొందర కెమెరా పట్టినవాళ్లకూ ఉంటుందమ్మా. ఫ్రేము బాగుండాలని గడ్డి పీకుతారు, అడ్డొచ్చిన రాతిముక్కను పక్కకు జరుపుతారు, అక్షరాలు తెరమీద తెలియాలని శాసనానికి సుద్దముక్క రాస్తారు. నీ బృందంలో ఎవరైనా సుద్ద తీస్తే అక్కడికక్కడే పని ఆపించు. రాతిని తాకకుండా దీపాన్ని పక్కనుంచి వేస్తే అక్షరం దానంతటదే లేస్తుంది.

నాగార్జునకొండలో దీనికి మారుగా జరిగిన పని ఉంది, దాన్ని పక్కపక్కనే చూపు. నాగార్జునసాగర్ ఆనకట్ట నీరు లోయను ముంచబోతున్నదని తెలిసి 1954 నుంచి 1960 వరకు పురావస్తువేత్త ఆర్. సుబ్రహ్మణ్యం నాయకత్వంలో పెద్ద ఎత్తున తవ్వకాలు సాగాయి. ముఖ్యమైన కట్టడాలను కొండమీద, ఒడ్డున ఉన్న అనుపులో తిరిగి నిలబెట్టారు. నీళ్లు చుట్టుముట్టి కొండ దీవి అయింది. ఆ దీవికి మేము టేపు రికార్డర్లు మోసుకుని వెళ్లిన రోజుల్లో, పడవ ఇంజను ఆపించి నీటి చప్పుడును విడిగా పట్టడానికి నేను సరంగును ఎంత బతిమాలానో చెప్పలేను. అడుగున ఒకప్పుడు ఈ లోయను ఏలిన ఇక్ష్వాకుల రాజధాని విజయపురి ఉన్నదని తెలిశాక ఆ చప్పుడు వేరుగా వినిపించేది. నీకూ, నాకూ ఈత రాదు. లైఫ్ జాకెట్ లేని పడవ ఎక్కవద్దు, సాయంత్రపు చివరి పడవ కోసం షాటు సాగదీయవద్దు, గాలి లేస్తే ఆ రోజుకు అంతే.

మీ నాన్న పంపిన ప్రణాళిక చదివాను. ఆరు భాగాలకూ పేరులో ‘రహస్యం’ ఎందుకు? ఇక్ష్వాకుల రాణులూ, ఉపాసికలూ (బుద్ధుణ్ణి కొలిచిన గృహిణులు) తాము ఏమి దానం చేశారో, ఎవరికోసం చేశారో రాతిమీద పేర్లతో సహా చెక్కించి పెట్టారు. ఇంత బాహాటంగా చెప్పినవారిని రహస్యమంటే నాకు కోపం వస్తుంది. ఆ శాసనాలు నువ్వే చదువు, అద్దె గొంతు పెట్టకు. చిన్నప్పుడు మా అమ్మకు పేపరు చదివి వినిపించిన నీ గొంతు అందుకు సరిపోతుంది.

చెన్నై ఎగ్మూరు మ్యూజియంలోని అమరావతి శిల్పాలకు ఖర్చు లెక్కలో రెండు రోజులు కలుపు. మొదటి భాగం కూర్పు కాగానే సంగీతం వేయకముందు నాకు పంపు, శబ్దం విని చెబుతాను.

మీ పెదనాన్న