పున్నమి పండుగ రుతువు తప్పకూడదంటే

మీ కథ కోసం మీరు అల్లుకున్న ఊహాలోకంలో ఏడాదికి 400 రోజులు, పున్నమి నుంచి పున్నమికి 28 రోజులు, నెలలు 14. వసంత పున్నమి పండుగ రానురాను చలికాలంలోకి వెళ్లిపోతోందని కదా మీ టెన్షన్? వెళ్లక తప్పదు మరి. 14 నెలలకు 392 రోజులే కాబట్టి పండుగ ఏటా 8 రోజులు ముందే వచ్చేస్తుంది. పాతికేళ్లకు 200 రోజులు, అంటే అర ఏడాది తేడా!

ప్రాచీన ఈజిప్టువాళ్లలా మిగులు రోజుల్ని ఏడాది చివర విడిగా పెట్టేయొచ్చు. కానీ అప్పుడు నెలలకూ చంద్రుడికీ పొంతన ఉండదు. మీ కథకు పున్నమే ముఖ్యం కాబట్టి నా ఓటు అధికమాసానికే.

పైగా మీ అంకెలు భలే కుదిరాయి. 7 ఏళ్లకు మిగిలేది 56 రోజులు, కచ్చితంగా రెండు నెలలు. నాలుగో ఏడు చివర ఒకటి, ఏడో ఏడు చివర ఒకటి కలపండి. 2800 రోజులకు సరిగ్గా 100 నెలలు. (మన భూమికి ఇంత అదృష్టం లేదు. 19 ఏళ్లకు 235 చాంద్రమాసాలు, అదీ దాదాపుగానే.) మధ్యలో పండుగ మహా అయితే 24 రోజులు ముందుకొస్తుంది. మొదటి ఏడు దాన్ని వసంతం నడుమ పెట్టండి, రుతువు దాటదు.

అసలు మజా ఆ పదిహేనో నెలలోనే ఉంది. దానికి వడ్డీ కట్టాలా? అందులో పుట్టిన పిల్లకు పుట్టినరోజు ఎప్పుడు? ప్రాచీన రోమ్‌లో అధికమాసం ఎప్పుడు కలపాలో పూజారులే తేల్చేవారు, దాంతో అధికారుల పదవీకాలం కూడా సాగేది. మీ కుట్రల అధ్యాయానికి ఇది బాగా పనికొస్తుంది.