ఏ తక్కెడలో తూచారు?

అమ్మా,

మీ వ్యాసం చదివాను. భాష బాగుంది. కానీ రెండో పేజీలో భూమి మీది జీవంలో సగానికి పైగా కీటకాలేనన్న వాక్యం చూసి కలిగిన చిరాకే ఈ ఉత్తరం రాయిస్తోంది. దేనిలో సగం? ఇంతవరకు పేరు పెట్టి నమోదు చేసిన జాతుల్లో అంటే ఒప్పుకుంటాను. బరువులో అంటే శుద్ధ తప్పు. జాతులను లెక్కపెట్టడం వేరు, తలలను లెక్కపెట్టడం వేరు, తూకం వేయడం వేరు. ఏది చేశారో చెప్పకుండా అంకె వేసే రచయితను నేను నమ్మను.

ఇజ్రాయెల్‌లోని వైజ్‌మన్ సంస్థకు చెందిన యినాన్ బార్-ఆన్, రాన్ మైలో, అమెరికాలోని కాల్‌టెక్ విశ్వవిద్యాలయానికి చెందిన రాబ్ ఫిలిప్స్ కలిసి 2018లో ఆ తూకం వేశారు. తడి బరువు తీసుకుంటే జెల్లీచేపలోని నీళ్లు కూడా జీవం కింద జమ అవుతాయి కాబట్టి, జీవుల్లోని కార్బన్‌ను మాత్రమే లెక్కగట్టారు. మొత్తం సుమారు 550 గిగాటన్నులు తేలింది. గిగాటన్ను అంటే 100 కోట్ల టన్నులు. అందులో మొక్కలవే 450. బాక్టీరియా 70, శిలీంధ్రాలు 12, బాక్టీరియాలా కనిపించినా వేరే వంశానికి చెందిన సూక్ష్మజీవులైన ఆర్కియా 7, అమీబా వంటి ప్రొటిస్టులు 4. జంతువులన్నీ కలిపి 2 మాత్రమే, అందులో దాదాపు సగం మీ కీటకాలతో పాటు రొయ్యలు, పీతలు, సాలీళ్లు చేరిన ఆర్థ్రోపోడా వర్గానిది. మొక్కల అంకెలో తేడా స్వల్పమే గాని, చాలా వరకు భూగర్భంలో లోతుగా బతికే బాక్టీరియా అంకె పదింతలు అటూ ఇటూ కావచ్చునని వాళ్లే చెప్పుకున్నారు. ఆ మాట కూడా రాయండి. సంపాదకులు కొట్టేస్తారు, అయినా రాయండి.

నేనూ తప్పు రాసే నేర్చుకున్నాను. భూమి ఉపరితలంలో 71 శాతం సముద్రమే కనుక జీవంలోనూ అధిక భాగం అక్కడే ఉందని నా తొలి వ్యాసంలో ధీమాగా ప్రకటించాను. విశ్రాంత అధ్యాపకులొకరు పోస్టుకార్డు రాశారు: "సముద్రంలో ఒక్క మాను చూపించు నాయనా." అది బోధపడడానికి నాకు నెల పట్టింది. నేల మీది చెట్టు ఏళ్ల తరబడి కార్బన్‌ను కాండంలోనూ వేళ్లలోనూ దాచుకుంటుంది. సముద్రంలో ఎండను ఆహారంగా మార్చే సూక్ష్మ శైవలాలు పుట్టిన కొద్ది రోజులకే మరో జీవి నోట్లో పడతాయి. అందుకే సముద్రంలోని జీవమంతా 6 గిగాటన్నుల దగ్గరే ఆగిపోయింది, అక్కడ తినే జీవుల బరువు ఆహారమయ్యే వాటి బరువును మించిపోయింది.

దిద్దుకున్న ఆ వ్యాసాన్ని ఒక వారపత్రికకు పంపితే, మట్టిలోని బాక్టీరియా గురించి రాసిన రెండు కాలమ్‌లు తీసేసి, ఆ చోట పులి బొమ్మ వేశారు. పులి లేనిదే జీవశాస్త్రం అమ్ముడుపోదట! తిమింగలాలతో సహా అడవి క్షీరదాలన్నీ కలిపి 0.007 గిగాటన్నులు, మనుషులం 0.06; మన పెంపుడు పశువులు 0.1. ముప్పై ఏళ్లు దాటినా ఆ బొమ్మను నేను క్షమించలేదు.

మీ అమ్మమ్మగారి పెరటి కోళ్ల పేరా మాత్రం నన్ను కదిలించింది. పెంపుడు కోళ్లు, బాతుల వంటి పక్షుల బరువు అడవి పక్షులన్నిటి బరువుకు దాదాపు మూడింతలని మీకు తెలియకుండానే, ఆ గంప కింద అసలు విషయం దొరికింది. చివర దాచిన ఆ పేరాను మొదటికి తెచ్చి వ్యాసం తిరగరాయండి. ఏ పత్రికకు పంపాలో తర్వాత చూద్దాం. ఈసారి కాగితానికి ఒకవైపే, కాస్త పెద్ద అక్షరాలతో రాసి పంపండి. నా చూపు మందగించింది.

ఆశీస్సులతో.