ఇంజంక్షన్ ఉండగానే గోడ కట్టేస్తే కంటెంప్ట్ వేయాలా?

అడిగింది ఇదీ: కింది కోర్టు టెంపరరీ ఇంజంక్షన్ (కేసు తేలేదాకా ఆ పని చేయొద్దనే ఉత్తర్వు) ఇచ్చినా ప్రతివాది గోడ కట్టేశాడు, హైకోర్టులో కంటెంప్ట్ (కోర్టు ధిక్కార పిటిషన్) వేస్తే జైల్లో పెడతారా అని.

హైకోర్టు దాకా ఎందుకండీ? ఆర్డర్ ఇచ్చిన కోర్టులోనే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39 రూల్ 2ఏ కింద పిటిషన్ వేయండి. ఆస్తి జప్తు, 3 నెలల దాకా సివిల్ జైలు, రెండూ ఆ కోర్టు చేతిలోనే ఉన్నాయి. 1971 కోర్టు ధిక్కార చట్టంలో 6 నెలలు ఉంది కదా అని అందరూ అటే చూస్తారు. ప్రభుత్వం మీద వేసే రిట్‌లో హైకోర్టే ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వును అధికారి పక్కన పడేస్తే అప్పుడు ఆ దారి. ఆ ధిక్కార పిటిషన్ ఏడాది లోపే వేయాలి. జరిమానా మాత్రం ఇప్పటికీ 2,000 రూపాయలే, నవ్వొస్తుంది.

2ఏ పిటిషన్ గెలిచేదీ ఓడేదీ తేదీల మీదే. ఉదాహరణకు, సోమవారం ఎక్స్‌పార్టీ ఆర్డర్ (అవతలివాళ్లను వినకుండానే ఇచ్చేది) వచ్చింది. మంగళ, బుధవారాల్లో గోడ లేచింది. పోస్టు గురువారం అందింది. "నాకు గురువారం దాకా తెలీదు" అని ప్రతివాది కౌంటర్ (జవాబు) వేస్తాడు. ముందే తెలుసని మీరు చూపించలేకపోతే పిటిషన్ అక్కడితో సరి. అందుకే ఆర్డర్ వచ్చిన రోజే కాపీ తీసుకుని పోస్టుతో పాటు వాట్సాప్‌లోనూ పంపండి, మేస్త్రీ ఎదుటే చేతికివ్వండి, ఇద్దరు సాక్షుల్ని పెట్టుకోండి. అదే ఆర్డర్ 39లోని రూల్ 3 ప్రకారం దావా, పిటిషన్, అఫిడవిట్, డాక్యుమెంట్ల కాపీలన్నీ పంపి, పంపినట్టు అదే రోజో మర్నాడో కోర్టులో అఫిడవిట్ దాఖలు చేయాలి. ఇది మరిచిపోతే అవతలి వకీలు ఆర్డర్‌నే కొట్టేయించే ప్రయత్నం చేస్తాడు.

గోడ ఫొటోలు తీసిన ఫోన్ అమ్మేయకండి. ఆ ఫొటోలు సాక్ష్యంగా చెల్లాలంటే 2024 జూలై 1 నుంచి భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 సర్టిఫికెట్ కావాలి. అందులో ఎ భాగం మీది, బి భాగం నిపుణుడిది, ఫైలు హాష్ విలువ (ఫైలు మారలేదని చూపే, వేలిముద్ర లాంటి కోడ్) కూడా రాయాలి.

స్టేటస్ కో ఆర్డర్లంటే నాకు ఒళ్లు మండుతుంది. యథాతథ స్థితి అంటారు, ఆ స్థితేమిటో రాయరు. పునాది దాకా ఉందా, మూడు వరసల ఇటుక ఉందా? ఇద్దరూ తమకు నచ్చిందే చెబుతారు. మొదటి రోజే అడ్వకేట్ కమిషనర్ (స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి కోర్టు పంపే వకీలు) కోసం ఆర్డర్ 26 రూల్ 9 పిటిషన్ వేసి, గోడ ఎత్తు అడుగుల్లో రాయించండి.

"ఆర్డరే తప్పు, అందుకే పట్టించుకోలేదు" అనే వాదన నిలవదు. దావా వినే అధికారమే ఆ కోర్టుకు లేదని తర్వాత తేలినా, ఆర్డర్ అమల్లో ఉండగా మీరినందుకు శిక్ష తప్పదని 1997లో తయ్యబ్‌భాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

జైలంటారా, క్షమాపణ అఫిడవిట్ వస్తే చాలా కేసులు అక్కడే ఆగుతాయి. పైగా 2ఏ కింద శిక్ష పడినా గోడ అలాగే నిలబడి ఉంటుంది. దాన్ని తీయించడానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 151 (కోర్టు సహజాధికారాలు) కింద వేరే పిటిషన్ వేయాలి, రెండూ ఒకే రోజు వేయండి.