మారిషస్‌లో ఒక్క రోజు: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ప్రశ్న: జూలైలో మా కుటుంబం మారిషస్ వెళ్తోంది. మాతో మా అత్తగారు, పదేళ్ల అబ్బాయి ఉంటారు. ఒక రోజంతా గైడుతో తిరిగి అక్కడి సంస్కృతి చూడాలనీ, సాయంత్రం సముద్రస్నానం చేయాలనీ మా కోరిక. ఏజెంటు ఇచ్చిన పట్టికలో ఒక్క రోజుకే తొమ్మిది చోట్లు ఉన్నాయి: అగ్నిపర్వత బిలం, ఓడ నమూనాల దుకాణం, గంగా తలావ్, లోయ చూసే చోటు, జలపాతం, ఏడు రంగుల నేల, రమ్ము తయారీ కేంద్రం, ల మోర్న్ తీరం, పోర్ట్ లూయిస్ బజారు. వీటిలో ఏవి ఉంచుకోవాలి? (ఒక పాఠకురాలు, కాకినాడ)

జవాబు: తీసేయవలసినవి ముందు చెబుతాను. ఓడ నమూనాల దుకాణంతోనూ రమ్ము తయారీ కేంద్రంతోనూ మీకు పని లేదు. పర్యాటకులను దుకాణాలకు తీసుకువెళ్లే డ్రైవరుకు కమీషను ముట్టడం చాలా దేశాల్లో ఉన్నదే కనుక, దుకాణాల దగ్గర ఆపవద్దని బేరం కుదిరేటప్పుడే స్పష్టంగా చెప్పండి. మిగిలిన ఏడు చోట్లు కూడా ఒక రోజులో పట్టవు. మారిషస్ పొడవు సుమారు 65 కిలోమీటర్లు, వెడల్పు 45 కిలోమీటర్లే కనుక పటంలో అన్నీ పక్కపక్కనే ఉన్నట్టు కనిపిస్తాయి. అయితే దీవి నడిమి భాగం ఎత్తైన పీఠభూమి. దారులు మలుపులు తిరుగుతూ ఎక్కి దిగుతాయి, రాజధాని పోర్ట్ లూయిస్ చుట్టూ ఉదయం, సాయంత్రం వాహనాలు కిక్కిరిసి ఉంటాయి. మరికొంతమంది యాత్రికులను హోటళ్ల దగ్గర ఎక్కించుకుంటూ బయలుదేరే వ్యానులో తొమ్మిది చోట్లకు వెళ్తే ఒక్కో చోట ఫొటో తీసుకునేంత వ్యవధి కూడా మిగలదు, పెద్దావిడకు రోజంతా బండి ఎక్కడం, దిగడమే సరిపోతుంది.

మీరు కాకినాడ వారు కనుక, మీ పట్టికలో లేని ఒక చోటును అన్నిటికంటే ముందు పెట్టమంటాను. అది పోర్ట్ లూయిస్ రేవులోని ఆప్రవాసీ ఘాట్. బ్రిటిష్ వారు 1835లో మారిషస్‌లో బానిసత్వాన్ని రద్దు చేశారు. బానిసల స్థానంలో చెరకు తోటల్లో పనికి భారతదేశం నుంచి ఒప్పంద కూలీలను రప్పించారు. ఆ రాక రద్దుకు ముందు ఏడాది 1834లోనే మొదలై 20వ శతాబ్దం తొలి దశాబ్దాల దాకా సాగింది. దాదాపు అయిదు లక్షల మంది ఈ దేశానికి చేరుకున్నారు. వారిలో మన ఉత్తరాంధ్ర, గోదావరి జిల్లాల వారూ ఉన్నారు. కాకినాడ పక్కనున్న కోరంగి రేవు నుంచి ఓడలెక్కి వచ్చినందువల్ల అక్కడ తెలుగు వారికి చాలాకాలం కోరంగి వారనే పేరు ఉండేది. మీ ఊరికి కూతవేటు దూరంలో ఉన్న రేవు నుంచి బయలుదేరిన మనుషులు కాలుమోపిన నేల చూడకుండా ఆ దీవి నుంచి తిరిగి రావడం నాకు అన్యాయమనిపిస్తుంది.

అక్కడ కళ్లు చెదిరే కట్టడాలేవీ ఉండవు. 1849లో కట్టడం మొదలుపెట్టిన విడిదిలో కొంత భాగమే మిగిలింది. రాతి గోడలు, ద్వారం, ఆసుపత్రి గదులు, వంటశాల ఆనవాళ్లు, వాటికి తోడు పదహారు మెట్లు కనిపిస్తాయి. ఓడ దిగినవారు ఆ మెట్లెక్కే లోపలికి వచ్చారు. పేరు, తండ్రి పేరు, ఊరు రాయించుకుని, సంఖ్య పుచ్చుకుని, ఒకటి రెండు రోజులు అక్కడే ఉండి, తమను కుదుర్చుకున్న తోటకు వెళ్లిపోయారు. నల్లని అగ్నిశిలతో కట్టిన ఆ మెట్లు ఇప్పటికీ చెక్కుచెదరలేదు. యునెస్కో 2006లో ఈ చోటును ప్రపంచ వారసత్వ స్థలాల్లో చేర్చింది. ఆవరణలోని ప్రదర్శనశాలను నిదానంగా చూడడానికి కనీసం గంటన్నర కేటాయించండి. ప్రవేశానికి డబ్బు కట్టనక్కరలేదు. ఆదివారం మూసి ఉంటుంది కనుక పనిదినం చూసుకుని వెళ్లండి. అబ్బాయికి ఓపిక ఉంటే, దగ్గరలోనే పాత సైనిక ఆసుపత్రి భవనంలో బానిసత్వ చరిత్రను చూపే మ్యూజియం ఉంది. ఒప్పంద కూలీల కథకు ముందు జరిగినది అక్కడ తెలుస్తుంది.

అక్కడి నుంచి నడిచివెళ్లే దూరంలోనే మీ పట్టికలోని బజారు, అంటే సెంట్రల్ మార్కెట్టు ఉంది, మధ్యాహ్న భోజనం అక్కడే ముగించుకోవచ్చు. ఆ తర్వాత ఉత్తరానికి వెళ్తే దారిలోనే పాంప్లెమూస్ వృక్షోద్యానం వస్తుంది. పళ్లేల్లాంటి ఆకులతో నీటిమీద పరుచుకున్న పెద్ద కలువల కొలను ఒక్కటి చూసి, మధ్యాహ్నం మూడింటిలోగా త్రూ ఓ బిష్ లేదా మోం ష్వాజీ తీరానికి చేరుకోండి. జూలైలో అక్కడ చలికాలం కావడంతో ఆరు గంటలకు ముందే సూర్యుడు అస్తమిస్తాడు. ఆ నెలల్లో ఆగ్నేయపు గాలి తూర్పు తీరాన్ని బలంగా తాకుతుంది. ఉత్తర, పడమటి తీరాలకు ఆ తాకిడి తక్కువ. పగడపు దిబ్బ అడ్డుకట్టగా ఉన్నందువల్ల లోపలి నీరు చెరువులా నిలకడగా ఉంటుంది, పిల్లలను దింపడానికి భయపడనక్కరలేదు. అయితే కాళ్లకు రబ్బరు చెప్పులు తప్పనిసరి. నీటి అడుగున ముళ్ల జీవులు ఉంటాయి, రాయిలా కనిపించే విషపు చేప కూడా ఉంటుంది. పగడం మీద నిలబడవద్దని అబ్బాయికి ముందే చెప్పండి, గవ్వలు, పగడపు ముక్కలు ఏరుకుని తెచ్చుకోవద్దు.

ప్రశ్న: గంగా తలావ్, ఏడు రంగుల నేల, ల మోర్న్ ఒకే రోజులో చూడవచ్చా? తీరంలో కనీసం రెండు గంటలు ఉండాలని మా కోరిక. అక్కడి “నీటి అడుగు జలపాతం” కూడా కనిపిస్తుందా? (కొత్త దంపతులు, వరంగల్)

జవాబు: చూడవచ్చు. ఈ మూడూ నైరుతి దిశలో ఒకే దారిమీద ఉన్నాయి, మారిషస్‌లో నాకు బాగా నచ్చిన దారి కూడా ఇదే. వరుస మాత్రం మార్చవద్దు: ముందు గుడి, తర్వాత కొండ, ఆఖరున సముద్రం. ఉప్పునీటిలో తడిసిన బట్టలతో గుడికి వెళ్లవలసిన అవస్థ అప్పుడు ఉండదు.

గంగా తలావ్ అగ్నిపర్వత బిలంలో ఏర్పడిన సరస్సు. దాని ఒడ్డున 108 అడుగుల శివ విగ్రహం 2007 నుంచి నిలిచి ఉంది. మహాశివరాత్రికి దీవి నలుమూలల నుంచీ జనం కావడులు మోసుకుంటూ, రాత్రింబవళ్లు కాలినడకన ఇక్కడికి వస్తారు. ఆ వారంలో దారులు జనంతో నిండిపోతాయి కనుక విహారయాత్రలు పెట్టుకోవద్దు. మిగిలిన రోజుల్లో ఉదయం తొమ్మిదికల్లా చేరితే ప్రశాంతంగా దర్శనమవుతుంది. పీఠభూమి మీద మబ్బు, తుంపర, చలి హఠాత్తుగా కమ్ముకుంటాయి, తీరంలో ఎండ కాస్తోందని నమ్మి పల్చని బట్టలతో వెళ్లవద్దు. చేతిలో అరటిపళ్లుంటే కోతులు ఊరుకోవు.

షమరెల్‌లోని ఏడు రంగుల నేలకు అరగంట చాలు. అగ్నిశిల క్రమంగా బంకమట్టిగా మారి, అందులోని ఇనుము, అల్యూమినియం ఆక్సైడ్ల వల్ల ఎరుపు, గోధుమ, ఊదా రంగుల పొరలుగా విడివడింది. కంచె అవతల నిలబడి చూడవలసిందే తప్ప లోపల నడవనివ్వరు. మిగిలిన సమయమంతా ల మోర్న్‌కు ఇవ్వండి.

ల మోర్న్ 556 మీటర్ల రాతికొండ. తోటల నుంచి పారిపోయిన బానిసలు దాని గుహల్లోనూ కొండకొమ్మునా తలదాచుకుని బతికారు. బానిసత్వం రద్దయిందని చెప్పడానికి వస్తున్న సిపాయిలను చూసి, తమను పట్టుకోవడానికే వస్తున్నారనుకుని చాలామంది కొండ మీద నుంచి దూకారని అక్కడి జనశ్రుతి. యునెస్కో 2008లో ఈ కొండ పరిసరాలను వారసత్వ స్థలంగా గుర్తించింది. బానిసత్వం రద్దయిన ఫిబ్రవరి 1 మారిషస్‌లో జాతీయ సెలవుదినం. ఈ కథ తెలియకుండా ఆ తీరంలో కూర్చుంటే అదొక అందమైన ఇసుక మేట మాత్రమే, తెలుసుకుని కూర్చుంటే తల పైకెత్తినప్పుడల్లా ఆ కొండ పలకరిస్తుంది. అందుకే గైడును కుదుర్చుకునే ముందు ఈ ఒక్క ప్రశ్న వేసి చూడమంటాను: “ల మోర్న్‌లో ఏం జరిగింది?” ఓపికగా చెప్పగలిగిన వ్యక్తి దొరికితే ఆ రోజుకు మీకు మంచి తోడు దొరికినట్టే. కొండ కింద బానిసత్వ స్మారకం ఉంది, దాన్ని చూసి, పక్కనే సరుగుడు చెట్ల నీడనున్న ప్రజల బీచికి వెళ్లండి. హోటళ్ల ముందు భాగంతో సహా తీరమంతా ప్రజలదే, మిమ్మల్ని ఎవరూ వెళ్లగొట్టకూడదు. గాలి ఎక్కువగా ఉన్న వైపు పెద్ద గాలిపటం లాగుతుంటే పలక మీద నిలబడి నీటిపై ఆడేవారు వేగంగా దూసుకుపోతుంటారు, తేలే బంతులతో హద్దు కట్టిన చోటే ఈదండి.

మీరు అడిగిన “నీటి అడుగు జలపాతం” గురించి ఒక మాట. ల మోర్న్ దగ్గర లోతైన సముద్రంలోకి జారే ఇసుక, మడ్డి వల్ల కలిగే దృష్టిభ్రమ అది. హెలికాప్టరు వంటి వాటిలో ఎత్తు నుంచి చూస్తేనే ఆ రూపంలో కనిపిస్తుంది. తీరం మీద నుంచి గానీ పడవ నుంచి గానీ చూపిస్తామని ఎవరన్నా నమ్మవద్దు.

ప్రశ్న: మా హోటల్లో రాత్రి భోజనంతో పాటు సెగా నృత్యం ఉంటుందంటున్నారు. అది చూస్తే చాలదా? (ఒక పాఠకుడు, విజయవాడ)

జవాబు: చూడండి, కానీ అదే సెగా అనుకోవద్దు. సెగా బానిసల గుండెల్లోంచి పుట్టింది. పగలంతా తోటల్లో వెట్టిచాకిరీ చేసిన మనుషులు రాత్రి నెగడు చుట్టూ చేరి పాడుకున్న పాట అది. ప్రధాన వాద్యం రవాన్, మేకతోలు బిగించిన వెడల్పాటి డప్పు. వాయించే ముందు తోలును మంట దగ్గర పట్టి వేడి చేస్తారు. అప్పుడు తోలు బిగిసి, గుండెకు తగిలే మోత వస్తుంది. విత్తనాలు నింపిన పెట్టె మరావాన్ గలగలలాడుతుంది, ఇనుప త్రికోణం తాళం వేస్తుంది. పాదాలు నేలను వదలకుండా జారుతూ సాగడం ఈ నృత్యపు ప్రత్యేక లక్షణం. సంప్రదాయ సెగాకు యునెస్కో 2014లో గుర్తింపునిచ్చింది. హోటల్లో రంగురంగుల లంగాలు, మైకులో పాట ఉంటాయి, అవి కూడా కళ్లకు ఇంపుగానే ఉంటాయి. కానీ ఆదివారం సాయంత్రం ప్రజల బీచిలో అక్కడి కుటుంబాలు వంటసామానుతో వచ్చి, తిని, రవాన్ తీసి పాడుకుంటాయి. ఆ రోజు మీకు తీరిక ఉంటే దానికే ప్రాధాన్యమివ్వండి. వారు పిలిస్తేనే కలవండి, అడగనిదే ఫొటో తీయవద్దు.

ప్రశ్న: మేము శాకాహారులం. రోజంతా బయట తిరిగితే ఏం తినాలి? (ఒక పాఠకురాలు, నిజామాబాద్)

జవాబు: మారిషస్‌లో శాకాహారికి కరువు లేదు, ఎందుకంటే వీధి తిండిలో సగం మన వలస కూలీల చేతివంటే. ధోల్ పురి అనేది ఉడికించి పొడి చేసిన శనగపప్పు లాంటి పప్పును మైదాలో పెట్టి పల్చగా కాల్చిన రొట్టె, తీపి లేని బొబ్బట్టు అనవచ్చు. రెండేసి చొప్పున, చిక్కుడుగింజల కూర, టమాటా గుజ్జు, కొత్తిమీర పచ్చడి వేసి చుట్టి ఇస్తారు. పచ్చిమిర్చి కలిపి వేయించిన పప్పు ఉండలను గాతో పిమా అంటారు. సబ్జాగింజలు వేసిన చల్లని పాలు అలూదా. అయితే పడవ యాత్రలో వచ్చే భోజనం సాధారణంగా కాల్చిన చేపలు, కోడి మాంసమే కనుక, ఇల్ ఓ సెర్ వంటి చిన్న దీవికి వెళ్లేటట్లయితే ముందురోజే శాకాహారమని రాయించండి. ఆ పడవలు గాలిమీద ఆధారపడతాయి, చలికాలంలో కడుపు తిప్పేవారికి ఆ ప్రయాణం పడదు.

ప్రశ్న: మా ముత్తాత తమ్ముడు మారిషస్ వెళ్లాడని ఇంట్లో చెప్పుకుంటారు. ఆచూకీ దొరుకుతుందా? అక్కడి తెలుగువారిని కలవగలమా? (ఒక పాఠకుడు, శ్రీకాకుళం జిల్లా)

జవాబు: కలవడం కష్టం కాదు. ఉగాది అక్కడ జాతీయ సెలవుదినం, ప్రపంచ తెలుగు మహాసభలు 1990లో అక్కడే జరిగాయి. తెలుగు మందిరాల్లో దీపం చుట్టూ రాత్రంతా పాడే రామభజనం, సింహాద్రి అప్పన్న పూజ, అమ్మోరు పండుగ నేటికీ నిలిచి ఉన్నాయి. ఇంట్లో మాట్లాడేది ఎక్కువగా ఫ్రెంచి నుంచి పుట్టిన అక్కడి వాడుక భాష క్రియోల్ కనుక తెలుగు రానివారు కలిస్తే చిన్నబుచ్చుకోవద్దు, బడిలో తెలుగు నేర్చుకున్నవారూ ఉన్నారు. ఇంగ్లీషు చాలామందికి వచ్చు. మీ గైడును ముందే అడిగితే దారిలోని ఒక మందిరం దగ్గర ఆగవచ్చు.

మీ బంధువు ఆచూకీకి మోకాలోని మహాత్మా గాంధీ సంస్థే సరైన చోటు. వలసదారుల రిజిస్టర్లు, 1860ల నుంచి తీసిన ఫొటోలు అక్కడ భద్రపరిచారు. దీన్ని విహారయాత్రలో ఇరికించవద్దు, వేరే రోజు కేటాయించి, ఎవరు చూడవచ్చో, ఏ పత్రాలు కావాలో ముందే ఉత్తరం రాసి కనుక్కోండి. ముత్తాత తమ్ముడి పేరు, ఆయన తండ్రి పేరు, ఊరు, వెళ్లిన కాలం మీ పెద్దలనడిగి రాసిపెట్టుకోండి. ఇంటిపేరు కంటే తండ్రి పేరు, ఊరి పేరు ఎక్కువ ఉపయోగపడతాయి. గుమస్తాలు చెవికి వినిపించినట్టు ఇంగ్లీషులో రాసుకున్నారు కనుక, ఒకే పేరును నాలుగైదు రకాల అక్షరక్రమాల్లో వెతకవలసి వస్తుంది.