మోరిస్ బెనిషూ: ముఖం గుర్తుంటుంది, పేరే తెలియదు

"ఫ్రెంచ్ సినిమాల్లో పెద్ద స్టార్ కాకపోయినా మీకు బాగా నచ్చిన నటుడు ఎవరు?" అని అడిగారు కదా. నాకైతే ఆలోచించక్కర్లేదు, మోరిస్ బెనిషూ.

హైదరాబాద్‌లో ఫ్రెంచ్ నేర్చుకునే రోజుల్లో మా టీచర్ అమెలీ (2001) చూపించారు. అందులో ఒక పెద్దాయన చిన్నప్పుడు బాత్‌రూమ్ గోడలో దాచుకున్న డబ్బా ఎన్నో ఏళ్ల తర్వాత ఫోన్ బూత్‌లో ఆయనకే దొరుకుతుంది. మూత తీసి ఆ ఆటవస్తువులు చూస్తుంటే ఆయన ముఖం నెమ్మదిగా కరిగిపోతుంది, మా క్లాసులో ఒక్కరూ కదల్లేదు. సినిమా మొత్తంలో ఆయన కనిపించేది కొన్ని నిమిషాలే.

తర్వాత ఎప్పుడో ఆస్ట్రియన్ దర్శకుడు మైఖేల్ హానెకె తీసిన కాషే (2005) అనే సినిమా చూశాను. అందులో మజీద్ అనే అల్జీరియన్ ఉంటాడు, 1961 అక్టోబరు 17న పారిస్‌లో అల్జీరియన్ల ఊరేగింపు మీద పోలీసులు విరుచుకుపడ్డప్పుడు అమ్మానాన్నలను పోగొట్టుకున్నవాడు. తనను బెదిరించడానికి ఇంటికొచ్చిన మనిషితో కూడా గొంతు పెంచకుండా, అతిథితో మాట్లాడినట్టే మాట్లాడతాడు, ఆ మర్యాద చూస్తుంటేనే నాకు గుండె బరువెక్కింది. చివర్లో పేర్లు చదివాక గానీ అమెలీలోని ఆ డబ్బా పెద్దాయన, ఈ మజీద్ ఇద్దరూ బెనిషూయే అని తెలియలేదు, వెంటనే మళ్లీ మొదటినుంచి పెట్టుకున్నాను.

బెనిషూ పుట్టింది కూడా అల్జీరియాలోనే, త్లెమ్సెన్‌లో, 1943లో. సినిమాలు, టీవీ చాలానే చేశాడు గానీ ఆయన అసలు బలం నాటకం, ముఖ్యంగా బ్రిటిష్ నాటక దర్శకుడు పీటర్ బ్రూక్ బృందంలో చేసిన పని. మనవాళ్లకి తప్పకుండా చెప్పాల్సిన సంగతి ఇదే: 1985లో ఫ్రాన్స్‌లోని అవిన్యోన్ దగ్గర ఒక పాత రాతి క్వారీలో బ్రూక్ వేసిన తొమ్మిది గంటల మహాభారతంలో కృష్ణుడు బెనిషూయే! కృష్ణుడంటే ఎన్టీఆర్ తప్ప ఇంకొకరు గుర్తురాని ఇంట్లో పెరిగినదాన్ని, ఇది చదివి చాలాసేపు అలాగే కూర్చుండిపోయాను. 1989లో అదే నాటకాన్ని ఇంగ్లీషులో తెరకెక్కించినప్పుడు కృష్ణుడి వేషం బ్రూస్ మయర్స్‌కి వెళ్లింది, బెనిషూ కీచకుడయ్యాడు. కాబట్టి ఆయన కృష్ణుణ్ణి ఆ సినిమాలో చూడలేం, అది నాకు ఇప్పటికీ బాధే.

బెనిషూ ఉన్న ఇంకో హానెకె సినిమా కోడ్ ఇన్‌కొన్యు (2000)లో మెట్రో సీను కూడా వదలొద్దు. ఒక కుర్రాడు నటి జూలియెట్ బినోష్‌ని వేధిస్తుంటే బోగీలో అందరూ తల తిప్పుకుంటారు, ఒక్క ముసలాయన (బెనిషూయే) మాత్రం కళ్లజోడు తీసి ఆమె చేతికిచ్చి అడ్డం లేచి నిలబడతాడు. చిన్న వేషాలు, సహాయ పాత్రలు అని మనం తేలిగ్గా అనేస్తాం గానీ ఆ సీనులోంచి ఆయన్ని తీసేస్తే ఏం మిగులుతుంది చెప్పండి?

2019 జూన్‌లో పోయాడు. కొత్తగా చూసేవాళ్లయితే అమెలీతో మొదలుపెట్టండి, చివర్లో మనవడికి కోడిమాంసం తినిపించే సీను దాకా ఆగండి. కాషే మాత్రం పిల్లలు దగ్గర లేనప్పుడు చూడండి, అందులో ఆయన ఆఖరి సీను చాలా దారుణంగా ఉంటుంది.