సిట్‌కామ్ కెమెరా పనిలో నేర్చుకునేది ఉంటుందా?

ప్రశ్న: రెండేళ్ళుగా కెమెరా అసిస్టెంట్‌గా చేస్తున్నానండి. ఇప్పుడు ఒక సిట్‌కామ్‌లో, అంటే టీవీ కామెడీ సిరీస్‌లో, అవకాశం వచ్చింది. "సెట్టంతా లైట్లు వేసేసి నాలుగు కెమెరాలు తిప్పడమేగా, అటు వెళ్తే ఇక సినిమాకి పనికిరావు" అంటున్నారు ఫ్రెండ్స్. టెన్షన్‌గా ఉంది. వెళ్ళమంటారా?

జవాబు: వెళ్ళండి. మీ ఫ్రెండ్స్‌కి కార్ల్ ఫ్రాయిండ్ గురించి చెప్పండి. జర్మనీలో 'మెట్రోపొలిస్' (1927) కెమెరామెన్‌లలో ఆయన ఒకరు, హాలీవుడ్‌లో 'డ్రాక్యులా' (1931)కి కెమెరా పని చేశారు, 'ది గుడ్ ఎర్త్'కి ఆస్కార్ అందుకున్నారు. నీడలతో భయపెట్టడం తెలిసిన ఆ మనిషి 61 ఏళ్ళ వయసులో, 1951లో, 'ఐ లవ్ లూసీ' అనే అరగంట టీవీ కామెడీకి వచ్చారు.

అక్కడ ఆయనకి ఎదురైన చిక్కు చూడండి. ఎదురుగా ప్రేక్షకులు కూర్చుని ఉంటారు, నటులు నాటకంలా ఆడుతుంటారు, మూడు 35 ఎం.ఎం. ఫిల్మ్ కెమెరాలు ఒకేసారి తిరుగుతుంటాయి. సినిమాలో అయితే వైడ్ షాట్ అయ్యాక ఆపి, క్లోజప్‌కి లైట్లు సర్దుకుంటాం. ఇక్కడ ఒకే లైటింగ్ రెండింటికీ సరిపోవాలి, హీరోయిన్ లూసిల్ బాల్ సోఫా ఎక్కినా తలుపు దగ్గరికి పరిగెత్తినా ఆమె మొహం కనపడాలి, ఒక కెమెరా నీడ ఇంకో కెమెరాలో పడకూడదు. ఫ్రాయిండ్ దాదాపు లైట్లన్నీ పైకి ఎక్కించేసి, నేల మీద స్టాండ్లూ కేబుళ్ళూ అడ్డం లేకుండా చేశారు. కళ్ళ కింద నీడలు పోవడానికి కెమెరాలకే చిన్న లైట్లు బిగించారు. బ్లాక్ అండ్ వైట్ కాబట్టి సెట్‌కి కూడా బూడిద రంగు ఛాయలే వేయించారు.

ఇంత కష్టం ఎందుకంటే, జోక్ మొదటిసారి విన్నప్పుడు జనం నవ్వే నవ్వు రెండో టేక్‌లో రాదు. ఆ క్షణంలో చెప్పినవాళ్ళ మొహం, విన్నవాళ్ళ మొహం రెండూ దొరకాల్సిందే. నాకైతే ఈ పనిలో అన్నిటికన్నా ఇష్టమైన సంగతి ఇదే, లైటింగ్ మొత్తం నటుడికి స్వేచ్ఛ ఇవ్వడం కోసమే ఉంటుంది.

అలాగని సెట్టంతా ఒకే వెలుగు నింపాలని రూలేం లేదు. 1975లో మొదలైన 'బార్నీ మిల్లర్' చూడండి, పోలీస్ స్టేషన్‌లో దాదాపు అంతా ఒకే గది, పైగా వీడియో మీద తీసింది, అయినా అందులో వెలుగూ నీడా రెండూ కనిపిస్తాయి. దానికి లైటింగ్ చేసిన జార్జ్ స్పైరో డీబీ తర్వాత సిట్‌కామ్‌ల మీదే కెరీర్ నిలబెట్టుకుని అయిదు ఎమ్మీలు (అమెరికా టీవీ అవార్డులు) గెలిచారు. ఎమ్మీల్లో ఇప్పుడు మల్టీ కెమెరా సిరీస్‌ల ఛాయాగ్రహణానికి విడిగా అవార్డే ఉంది.

ఒక ఇబ్బంది మాత్రం నిజంగానే ఉంది. అదే సెట్ ఏళ్ళ తరబడి, అదే సోఫా, అదే కిటికీ. చేయి అలవాటు పడిపోతే కన్ను మొద్దుబారుతుంది, కాబట్టి సీజన్‌కీ సీజన్‌కీ మధ్య ఖాళీలో సినిమాలా ఒక్కో షాట్ విడిగా తీసే సింగిల్ కెమెరా పని ఏది వచ్చినా చేయండి. కెమెరాలు లేకుండా జరిగే రిహార్సల్స్‌కి మిమ్మల్ని పిలవకపోయినా అడిగి వెళ్ళి ఓ మూల కూర్చోండి. ఎవరు ఏ మాటకి ముందు ఆగుతున్నారో, ఏ వైపు తిరుగుతున్నారో స్క్రిప్ట్ కాపీలో రాసుకోండి. షూటింగ్ రోజు ఫోకస్ పట్టేటప్పుడు మీకు పనికొచ్చేది ఆ కాగితమే.